చేదుకూ ఒక పేరుంది

కాలేయం మందు కోసం ఇవాళ నారాయణఖేడ్ దవాఖానకు పోయాను. కాంపౌండరు "రుక్మాబాయీ!" అని ఒకటే అరుస్తున్నాడు. ఎవరా చెవిటిది అని నేనూ చుట్టూ చూశాను.

"నిన్నే అవ్వా! నీ పేరే మర్చినవా ఏంది?"

"మా అక్క పోయినంక గా పేరుతోని పిలిచెటోళ్లు లేరు బిడ్డా."

అక్కడే ఒక మోతాదు తాగించాడు. నాలుక వంకర పోయింది.

"గింత చేదేందిరా?"

"డాండెలయన్ అని సీమ మొక్క, దాని వేరు మందు. గా చేదు పేరు టరాక్సాసిన్."

చేదుకు కూడా పిలిచేవాళ్లున్నారు!

సాయంత్రం మందు తాగి, ఖాళీ ఇంట్లో "రుక్మాబాయీ" అని నేనే పిలుచుకున్నాను. ఈసారి ఒక్క పిలుపుకే పలికాను. మిమ్మల్ని పేరుపెట్టి పిలిచేవాళ్లు ఇంకా ఉన్నారా? ఉంటే, వాళ్లు పిలిచినప్పుడు జల్దీ పలకండి.