మంచు మీద వేసిన మోకు

దయ్యాల మీద నాకు ఏనాడూ నమ్మకం లేదు. మెదక్ ఖిల్లా అవతలి తాటిచెట్లలో ఒకదాని మీద ఏదో ఉందని జనం చెప్పుకుంటుంటే, సరిగ్గా ఆ చెట్టునే ముప్పై ఏళ్లు గీసినవాణ్ణి. దాని కల్లు మిగతా చెట్లకంటే తీపి. నిజంగా దయ్యమే ఉంటే దాని చేతి చలవ అనుకునేవాణ్ణి. కాబట్టి ఇది భయపడి రాస్తున్నది కాదు.

అబద్ధాల మీద మాత్రం నాకు కొంచెం ప్రేమ ఉంది. ఈ సంగతి కల్లు కాంపౌండులో యాభై ఏళ్లుగా చెబుతూ వచ్చాను. చెప్పినప్పుడల్లా మంచులోని పగులు పది గజాలు లోతెక్కింది. ఒక ఏడాది అందులోకి ఎలుగుబంటి కూడా వచ్చి చేరింది. ఎలుగుబంటి లేదు. ఇప్పుడు కాగితం మీద పెడుతున్నాను గనుక తెలిసినంతవరకు కొలిచి రాస్తాను.

మాది కల్లు గీత పని. మా నాయిన, మా అన్న కిష్టయ్య, నేను, ముగ్గురం తాళ్లెక్కేవాళ్లం. అందుకు మోకు కావాలి. చెట్టునూ మనిషి నడుమునూ కలిపి చుట్టే గట్టి తాడు అది. బరువంతా దాని మీద వేసి వెనక్కి వాలితేనే రెండు చేతులూ పనికి ఖాళీ అవుతాయి. నాయిన ఒకటే పొడుగాటి తాడు పేని, నడిమికి కోసి, మా అన్నదమ్ములకు చెరి సగం ఇచ్చాడు.

ఒక అలవాటు కూడా నేర్పాడు. ఎక్కేముందు చెట్టు మొదట్లోనే మోకు వేసి, ఒక్కసారి వెనక్కి వాలి బరువు చూసుకోవాలి. అలా చూసుకోకుండా నేను ఒక్క చెట్టూ ఎక్కలేదు. ఆ అలవాటే నన్ను చంపబోయింది.

అవి రజాకార్ల రోజులు. పోలీసు చర్యకు ముందు వచ్చిన ఎండాకాలం. మా అన్న ఖాళీ కల్లు లొట్టిలో చీటీలు పెట్టుకొని అడవిలోని సాయుధ దళంవాళ్లకు చేరవేసేవాడు. ఎవరో చెప్పేశారు. రజాకార్లు మా ఇంటి మీదికి వచ్చిన రోజు, మా వీధి దర్జీ ఖాసిం చాచా ముందే కబురు పెట్టకపోతే అన్న అప్పుడే దొరికేవాడు. ఆ తర్వాత అతను శంకరంపేట వైపు తాళ్లలో, పగలంతా చెట్ల మీదే దాక్కున్నాడు. దొరికితే కాల్చేస్తారని మెదక్‌లో అందరికీ తెలుసు.

అప్పుడు మిషన్ దవాఖానలో ఒక దొరసాని డాక్టరుండేది. నాయిన చెట్టు మీంచి పడితే కాలు అతికించింది ఆమే. తెలుగు మాకంటే మోటుగా మాట్లాడేది. ఆ ఏడు సెలవులకు హిమాలయాల్లో మంచు నది చూడటానికి పోతూ, సామాను మోయడానికి ఒక మనిషి కావాలంది.

"నీ పెద్దకొడుకును నాతోని తోలియ్యి, బాలయ్యా. రెండు నెలలు ఈడ లేకుంటే పానమన్న దక్కుతది" అంది నాయినతో.

తీరా రైలెక్కింది నేను. అన్న పోనన్నాడని, "దళాన్ని ఇడిసి రాను, నువ్వు పో తమ్మీ" అని నన్ను పంపాడని అందరికీ చెబుతాను. ఆ మాటను ప్రస్తుతానికి అలాగే ఉండనివ్వండి.

మెదక్‌కి అప్పుడు రైలు లేదు. ఎడ్లబండి మీద అక్కన్నపేట స్టేషనుకు పోయి బండెక్కాం. సికింద్రాబాదు, ఢిల్లీ, బరేలీ. అక్కడి నుంచి చిన్న బండిలో కాఠ్‌గోదాం. ఆ చివరి ప్రయాణం ఇప్పటికీ కళ్లకు కట్టినట్టుంది. రెండు పక్కలా అడవి, ముందు నీలం గోడలా కొండలు, బండి ఆ గోడలోకే దూరిపోతుందేమో అన్నట్టు పోయింది. దొరసాని కిటికీలోంచి తల బయటపెట్టి చిన్నపిల్లలా చప్పట్లు కొట్టింది. నేను తాటిచెట్ల కోసం చూశాను. ఒక్కటీ లేదు.

తర్వాత బస్సు, ఆ తర్వాత వారం రోజుల నడక. మాకు దారి చూపినవాడు గోపాల్ సింగ్ అనే పహాడీ, ఆ కొండలవాడే. పొట్టి మనిషి, చేతిలో మంచు కొట్టే గొడ్డలి. మంచు నది అంటే నీళ్లు పారుతాయనుకున్నాను. అది పారేది కాదు. రెండు కొండల నడుమ గడ్డకట్టి పడుకున్న దుక్కి పొలంలా ఉంది, అక్కడక్కడా నీలంగా పగుళ్లు.

గోపాల్ సింగ్ మా ముగ్గురినీ ఒకే తాడుకు కట్టాడు. ముందు తను, నడుమ దొరసాని, వెనక నేను. తెల్లవారుజామున బయలుదేరాల్సింది, నేను ఆలస్యంగా లేవడంతో పొద్దెక్కింది. మంచు మెత్తబడుతోందని అతను తొందరపెట్టాడు.

ఒకచోట పెద్ద పగులు అంచు వెంబడి మూరెడు దారి. అంచు మీద ఒక మంచు స్తంభం, సరిగ్గా తాటి మొద్దంత లావు, నిలువునా నిలబడి ఉంది. దాన్ని చుట్టి అవతలికి పోవాలి. గోపాల్ సింగ్, దొరసాని దాటారు. వాళ్లు చెట్టును వాటేసుకున్నట్టు వాటేసుకొని దాటడం చూసి నాకు నవ్వొచ్చింది. నా భుజాన మోకు ఉంది. నాయిన కోసి ఇచ్చిన నా సగమే, పెట్టెలు కట్టడానికని వెంట తెచ్చుకున్నాను. ఆ ధీమాతో గోపాల్ సింగ్ కట్టిన తాడు విప్పేశాను.

"ఠహరో భాయ్, రస్సీ మత్ ఖోలో!" అని అరిచాడతను, తాడు విప్పొద్దని.

"సూడు భాయ్, మా మెదక్ పని సూపిస్త" అన్నాను.

స్తంభానికి మోకు చుట్టి నడుముకు వేసుకున్నాను. పగులు నా వెనక ఉంది. చెట్టు మొదట్లో ఉన్నాననుకుందో ఏమో నా ఒళ్లు, అలవాటు ప్రకారం వెనక్కి వాలింది.

స్తంభం మొదలంటా విరిగింది. పక్కకు ఒరిగి పగుల్లోకి పోయింది.

నేను పోలేదు.

కాళ్లు అంచు మీద ఉన్నాయి, ఒళ్లంతా పగులు మీదికి వాలి ఉంది. మోకు బిగుసుకుని నా ముందు గుండ్రంగా నిలబడింది, తాటి మొద్దు చుట్టూ నిలబడినట్టే. దాని లోపల ఏమీ లేదు. అవతలి కొండ కనబడుతోంది. నడుములో మోకు కోస్తోంది. ఎక్కడో తలపైన ఎండు తాటికమ్మలు గాలికి కొట్టుకుంటున్న గలగల స్పష్టంగా వినిపించింది.

ఆ పగులు మన మెదక్ చర్చి గోపురాన్ని నిలువునా మింగేంత లోతని కాంపౌండులో చెబుతాను. నిజానికి నేను కిందికి చూడనేలేదు. అరగంట వేలాడానంటాను. కానీ గోపాల్ సింగ్ మంచులో రెండు మెట్లు కొట్టి, తాడు విసిరి, నా చెయ్యి అందుకునేంత సేపు, అంతే. ఆ కాసేపూ దేవుణ్ణి తలచుకున్నానంటాను. కానీ కన్నతల్లిని పిలుస్తూ అవ్వా అవ్వా అని ఏడ్చాను.

నన్ను ఇవతలికి లాగగానే మోకు ఒక్కసారిగా వదులై మంచు మీద పడింది.

"ఏం పట్టుకున్నదిరా అది? నేను సూస్తనే ఉన్న. ఏం లేకుండె ఆడ!" అంది దొరసాని. అంత చదువుకున్న మనిషి నన్నే అడిగింది. గోపాల్ సింగ్ మోకును ముట్టుకోలేదు. జేబులోంచి బెల్లం ముక్క తీసి మంచు మీద పెట్టి దండం పెట్టాడు. ఇంకో అడుగు ముందుకు వేయనన్నాడు. అక్కడి నుంచే తిరిగొచ్చాం. శిఖరం ఎక్కానని నేను చెప్పేది కూడా అబద్ధమే.

మోకు లోపలి వైపు తాటి మసి ఉంది. పాత మోకుకు ఎప్పుడూ ఉండేదే. దాన్ని సాక్ష్యమనను.

వానాకాలానికి మెదక్ చేరాం. అన్న జాడ లేదు. అవ్వ నాతో మాట్లాడలేదు. సెప్టెంబరులో యూనియన్ సైన్యం వచ్చింది, రజాకార్ల రాజ్యం పోయింది. జెండాలు, డప్పులు, రోడ్డు మీద జనం. మూడో రోజు పట్టపగలు, బజారు నడిమి నుంచి మా అన్న నడిచొచ్చాడు. గడ్డం పెరిగి, ఎముకలు తేలి, భుజాన మోకుతో. నేరుగా ఇంటికి రాలేదు. కొందరు పాత కక్షలతో తురకల ఇళ్ల మీద పడాలని చూస్తున్నారు. అతను ఖాసిం చాచా దుకాణం గడప మీద కూర్చున్నాడు. చాచా కుట్టు మిషను చప్పుడు మళ్లీ మొదలయ్యాకే లేచాడు. ఆ సాయంత్రం మా ఇంట్లో తాగిన కల్లు ఇన్నేళ్లలో మళ్లీ తాగలేదు.

అన్న నన్ను పక్కకు పిలిచాడు.

"తమ్మీ, ఎండకాలంల ఒక గమ్మతైంది. శంకరంపేట అంగడి నాడు, పొద్దు నడినెత్తికొచ్చింది. చెట్టు మీదున్న. రజాకార్లు కింది నుంచి పోయిండ్రు. ఇగ పోయిండ్రు గదా అని దిగబోయిన. మోకు కదల్లే. ఎవడో నా మోకు మీద బరువేసి కూసున్నట్టే. ఇద్దరి బరువు! జానెడు జారనియ్యలే. గంతల్నే ఇంకో గుంపు తుపాకులు పట్టుకొని చెట్టు కిందికే వచ్చి నిలబడె. దిగి ఉంటే వాళ్ల నెత్తి మీదనే దిగుదును. ఆళ్లు అటు పోంగనే మోకు వదులైంది."

అంగీ ఎత్తి నడుము చూపించాడు. తాడు కోసిన మచ్చ. నేనూ ఎత్తాను. అదే చోట.

మర్నాడు దొరసాని దగ్గరికి ఇద్దరం పోయాం. ఆమె రోజూ రాసుకునే పుస్తకం తీసి చూసింది. నేను పగులు మీద వేలాడింది శంకరంపేటలో అంగడి పడే వారమే. తేదీ అన్నకు తెలియదు. ఆ రాత్రి చెట్టు దిగేటప్పుడు నిండు వెన్నెల అన్నాడు. మేమూ ఆ రాత్రి నిండు వెన్నెల్లోనే కొండ దిగాం. ఇంతకంటే కొలవడం నాకు చేతకాలేదు.

ఇక పక్కన పెట్టిన మాట. అన్న పోనన్నాడన్నది అబద్ధం. దొరసాని పిలుస్తోందని అతనికి చెప్పమని నాయిన నన్నే పంపాడు. నేను శంకరంపేట దిక్కుకు పోనేలేదు. నాకూ భయమే. తెల్లారి దొరసాని దగ్గరికి పోయి, అన్న రానన్నాడని చెప్పి ఆమె వెంట బండెక్కాను. దొరసాని పుస్తకం చూసి వస్తూ, దవాఖాన మెట్ల మీద ఆ సంగతి అన్నకు చెప్పేశాను.

"అన్నా, ఆ రైలు నీది."

చెంప మీద ఒక్కటి కొట్టాడు. చెవిలో మోగింది. తర్వాత మెట్ల మీద కూర్చుని కళ్లనీళ్లు వచ్చేదాకా నవ్వాడు.

"ఎరుకే. అవ్వ ఎప్పుడో కబురు పంపింది. దొరుకు బిడ్డా, నీ నడుములిరగ్గొడ్తా అనుకున్న. ఇగో, ఇరగ్గొట్టుకునే వచ్చినవ్!"

ఆ తర్వాత నలభై ఏళ్లు పక్కపక్క తాళ్లలో గీశాం. నేను కాంపౌండులో ఎలుగుబంటి దాకా వచ్చేసరికి అన్న లొట్టి పైకెత్తి, "ఎలుగుబంటి అబద్ధం, తాడు నిజం!" అని అరిచేవాడు. అందరూ నవ్వేవాళ్లు.

అన్న పోయాక, ఒకే తాడు సగాలైన ఆ రెండు మోకులూ ఒకే కొయ్యకు తగిలించాను. నేను రైలు కాజేయకపోతే అన్న ఆ ఎండాకాలం కొండల్లో క్షేమంగా ఉండేవాడు, లేదా నిజంగానే పోనని, నా బరువు తన మోకు మీద పడక ఆ చెట్టు కిందే దొరికేవాడు. తెలియదు. ఆ స్తంభం విరిగాక నన్ను మోసింది ఏమిటో కూడా తెలియదు. దయ్యాలు లేవని ఇప్పటికీ అంటాను. అది దయ్యం కాదు. శంకరంపేట దగ్గరి ఒక తాటిచెట్టు. అది అంత దూరం ఎలా వచ్చిందో మీలో ఎవరికైనా అంతుబడితే, వచ్చి చెప్పండి. కల్లు నేను పోయిస్తాను.