చెప్పకుండా కొట్టిన నాలుగు దెబ్బలు

మీరు కొట్టిన చప్పట్లు నేను విన్నాను. పేట్ బషీరాబాద్‌లోని అపార్ట్‌మెంటు హాల్లో మీ ఫిల్మ్ క్లబ్బు వేసిన సినిమాలో, తెర మీద పోలీసు వేషగాడు ఒక ముసలి జాలరిని నాలుగుసార్లు చెంప మీద కొడితే, ఎంత సహజంగా ఉందో అన్నది మీరే. ఆ జాలరి మొన్న గురువారం శామీర్‌పేటలో చనిపోయాడు. మా పక్కింటి కాక. చావుకు మీలో ఒక్కరూ రాలేదు.

ఆయన నటుడు కాదు. పాటల్లేని, హీరో లేని నేర సినిమా తీస్తామని చెరువు గట్టుకు వచ్చినవాళ్లు నడవమంటే నడిచాడు, కూర్చోమంటే కూర్చున్నాడు. కొడతారని మాత్రం ఎవరూ చెప్పలేదు. చెబితే ముఖంలో నిజం రాదట. దర్శకుడే ఆ రోజు మీ ముందు గర్వంగా చెప్పుకున్నాడు. మీరు మళ్లీ చప్పట్లు కొట్టారు. ముందు వరసలో ఇస్త్రీ చొక్కాతో కూర్చున్న కాక వైపు ఒక్కరూ తిరగలేదు. మనిషి ఒంటరితనం మీద తీసిన సినిమా అది, మరి.

ఆట అయ్యాక ఇద్దరం బస్టాపు దాకా నడిచాం. అక్కడ అన్నాడు: "నన్ను నిజంగ కొట్టిండ్రు కొడుకా. మీకేమో యాక్టింగ్ లెక్క కనవడ్డది."

"మీకేమో" అన్నాడు, "ఆళ్లకేమో" అనలేదు; ఆ లెక్కలో నేనూ ఉన్నాను. ఆ సినిమాను పత్రికలో పొగిడి రాసింది నేనే.

వల బాగుచేసేటప్పుడు దారం కాలి బొటనవేలికి చుట్టుకుని, మాట మధ్యలో పళ్లతో తెంపేవాడు. గట్టున చేప తన్నుకుంటుంటే ఎవరైనా వీడియోకని ఫోన్ తీశారా, ఊరుకునేవాడు కాదు. "ఒక్క దెబ్బల పోవాలె. నిలవడి సూసుడేంది?" అనేవాడు. సినిమాల్లో హింసను ఎలా చూపాలో నేను రాసిన వ్యాసాలన్నీ కలిపినా ఆ మాటకు సరిపోవు.

కల్లు కాంపౌండులో దెబ్బల హీరో వచ్చిండు, జరుగుండ్రి అని ఆటపట్టించడం మొదలయ్యాక అటు వెళ్లడం మానేశాడు. ఆ దృశ్యం తీసేయమని నా చేత మూడుసార్లు ఫోన్ చేయించాడు. సినిమాకు ప్రాణమే అదని దర్శకుడి జవాబు.

"సినిమా ఆళ్లదే, కాదంటలేను. సెంప నాది గద," అన్నాడు కాక.

చివరి వారం ఆసుపత్రి మంచం మీద కూడా ఆ దృశ్యం తీసేశారా అనే అడిగాడు. తీసేయలేదని చెప్పాల్సి వచ్చింది.

ఇక బతిమాలను. ఆ సినిమా తీసినవాళ్లనూ, వేసిన మిమ్మల్నీ అడుగుతున్నాను:

ఆ దృశ్యం తీసేయండి.

పేర్ల పట్టికలో "జాలరి" అని వదిలేసిన చోట ఆయన పేరు వేయండి.

కాక భార్య ముందు నిలబడి, చెప్పకుండా కొట్టామని ఒప్పుకోండి.

పోస్టరు మీద నుంచి నా పొగడ్త తొలగించండి.

అంతవరకు ఆ సినిమా ఎక్కడ వేసినా, ఆ దెబ్బలు పడుతున్నంతసేపూ హాల్లో లైట్లు వేసి ఉంచండి. చప్పట్లకు ఎవరి చేతులు లేస్తున్నాయో చూడాలి.