అత్త ఎండబెట్టిన బూజు

మా అత్తకు లోకంలో ఒకే ఒక్క శత్రువు, బూజు. ఊరగాయ జాడీ, జొన్నల మూట, చింతపండు, ఏదైనా సరే కాస్త ముక్కవాసన తగిలిందా, మిద్దెక్కి ఎండలో పడాల్సిందే.

ఆ ఏడు మా మిరపచేనుకు వేరుకుళ్ళు తగిలింది. పొద్దున పచ్చగా ఉన్న మొక్క సాయంత్రానికి తల వాల్చేసేది. ఏడాది తిండీ బట్టా ఆ చేనే కాబట్టి వ్యవసాయ ఆఫీసుకు పరిగెత్తాను. అక్కడాయన ఒక పొడి పొట్లం చేతిలో పెట్టాడు.

"వేరు కుళ్ళబెట్టేదీ బూజే, ఇదీ బూజే మేడం. ఇది దాన్ని తినేస్తాది. ఒళ్ళేది, మంచి బూజు."

ఆయన చెప్పినట్టే తడిపిన పేడ ఎరువులో కలిపి, కొట్టం నీడలో గోనెపట్ట కప్పాను. వారం దాటాక పచ్చగా బూజు పడితే చేనుకు వేయాలి.

ఎనిమిదోరోజు పోయి చూస్తే గోనెపట్ట తీగమీద ఆరుతోంది. నా ఎరువు మిద్దెమీద, మిట్టమధ్యాహ్నం ఎండలో, పలచగా పరిచి ఉంది.

"పచ్చగా బూజు పట్టిండాది! నువ్వు చూసుకోకుంటే నేనైనా చూసుకోవద్దా?" అంది అత్త.

అరిచాను. వీధంతా వినేలా అరిచాను.

"బూజు పెంచుతాండావా? నువ్వు కోడలివా, తెగులువా?"

"నీ దోసెపిండి ఎట్ల పొంగుతాది అత్తా? దాంట్లో ఉండే ఈస్టూ బూజు జాతే!"

అత్త రెండురోజులు దోసె ముట్టలేదు. మూడోరోజు చేనుకు వెళ్ళి, వాలిన మొక్కలు చూసి, ఇంకో పొట్లం తెమ్మంది. ఈసారి కాపలా ఆమెదే. గోనెపట్ట అంచు ఎత్తబోతే నా చేతిమీద కొట్టింది.

"పిండి మూత మాటిమాటికీ తీస్తే పులుస్తాదా? పో అవతలికి!"

పచ్చటి బూజు పట్టగానే అదే చేత్తో మొక్క మొక్కకీ వేసింది. పోయినవి పోయాయి గానీ సగం చేను నిలబడింది. అట్లా అరిచినందుకు నాకు నిజంగా సిగ్గేసింది, ఆ మాట ఆమెతో ఇప్పటికీ అనలేదు.

మొన్న నిమ్మకాయ జాడీ పట్టుకొచ్చి నా ముందు పెట్టింది. పైన తెల్లటి పొర.

"చూడమ్మా, ఇది మన బూజేనా?"

"కాదత్తా, పారేయ్."

ఆమె కదల్లేదు. జాడీ వంక, నా వంక చూసి గొంతు తగ్గించింది.

"ఒక్క మొక్కకేసి చూద్దామా?"