పిట్టగోడ మీద బొంగరం

ఆ చిన్న ఊళ్లో తీసే టీవీ కామెడీ సీరియల్లో, కిందపడటంలో బొంగరాన్ని మించిన నటుడు లేడు. కుర్చీలోంచి, మెట్ల మీంచి పడి ఇల్లు గడిపే మనిషి. ఇంట్లో మాత్రం స్టూలెక్కి బల్బు మార్చాలంటే భార్యనే పిలుస్తాడు. ఒకరోజు డాబా మీంచి దూకే సీను వచ్చింది. కొత్తగా వచ్చిన కమెడియన్ మిడత, "నేను దూకుతా సార్" అని డైరెక్టర్‌తో అనగానే, వేషం ఎక్కడ పోతుందోనని బొంగరం తానే పిట్టగోడ ఎక్కాడు. ఎక్కి కళ్లు గట్టిగా మూసుకున్నాడు. అక్కడే గొంతుక్కూర్చున్నాడు. కింద అందరూ పగలబడి నవ్వారు.

"భయం అదరగొడుతున్నావు బాబాయ్, అలాగే ఉంచు!" అని డైరెక్టర్ అరిచాడు.

"నిజంగానే భయమయ్యా!"

నవ్వు రెట్టింపయింది. మిడత ఒక్కడే నవ్వలేదు. కింద పరిచిన పరుపు అంచు పట్టుకుని, "ధైర్యంగా దూకు బాబాయ్, పరుపు సంగతి నేను చూసుకుంటా" అన్నాడు.

బొంగరం టక్కున కళ్లు తెరిచి మిడత చేతుల వంక చూశాడు.