శాలువా తర్వాతి అంకం

పొద్దున ఆరు గంటలకు హైదరాబాదు జూబ్లీ బస్టాండులో జగిత్యాల బస్సు ఎక్కాను. ఆధార్ కార్డు చూపిస్తే కండక్టరమ్మ జీరో టికెట్ కొట్టి ఇచ్చింది. ఈ సౌకర్యం వచ్చాక ఆడవాళ్లకు టికెట్ బెంగ పోయి సీటు బెంగ పట్టుకుంది. కాబట్టి ఈ దారిన వెళ్లేవాళ్లు అరగంట ముందే వచ్చి కూర్చోవడం మంచిది. చెవుల్లో పెట్టుకోవడానికి కాస్త దూది కూడా తెచ్చుకోవాలి. నా వెనక సీటాయన కరీంనగర్ దాకా ఫోన్లో రీల్స్ చూస్తూ బస్సులో అందరికీ వినిపించాడు.

నేను ఈ ప్రయాణం పెట్టుకున్నది ఒక్క వాక్యం కోసం. కాలేజీలో తెలుగు చెప్పి రిటైరయ్యాను. మిత్రులు కొందరు మా ప్రాంతపు నాటకం మీద పుస్తకం వేస్తూ, విమర్శ చరిత్ర అనే అధ్యాయం నాకు అంటగట్టారు. ఏ కాలంలో నాటకాన్ని ఎలా చూశారు, ఏ రచయిత పేరు ఎప్పుడు పైకి లేచింది, ఎప్పుడు కింద పడింది అన్నది నా భాగం. చదువుతూ పోతే తమాషాగా ఉంది. మొదట్లో విమర్శకులు పద్యం ఎంతసేపు పాడాడు, రాగం నిలబడిందా అని చూశారు. తర్వాతి వాళ్లకు పద్యమే తప్పయింది, మాటలు సహజంగా ఉండాలన్నారు. పోటీల కాలంలో అనుకున్న సమయానికి తెర పడితే మంచి నాటకం. ఇంకొన్నాళ్లకు రచయిత ఏ పక్షం అన్నదొక్కటే ప్రశ్న. ఒక తరం నెత్తిన పెట్టుకున్న మనిషిని తర్వాతి తరం అటకెక్కించింది, ఆ తర్వాతి తరం దుమ్ము దులిపి కిందికి దించింది.

నాంపెల్లి పేరు దగ్గర నా పని ఆగిపోయింది. సిరిసిల్లలో మగ్గం నేస్తూ నాటకాలు రాసి, తానే వేషం కట్టిన మనిషి. చనిపోయి చాలాకాలమైంది. ఆయన రాసిన ‘సాంచ వచ్చిన ఇల్లు’ ఎన్నడూ అచ్చు కాలేదు. సాంచ అంటే అక్కడి వాళ్ల మాటలో మరమగ్గం. నాటకం ఆడిన రోజుల్లో ఒక పత్రికలో సమీక్ష వచ్చింది. ‘ఈ రచయితకు సమస్యను చూపించడం తెలుసు, ముగించడం తెలియదు’ అన్నది అందులోని వాక్యం. తర్వాత వచ్చిన పుస్తకాలన్నీ ఆ వాక్యాన్నే ఎత్తి రాసుకున్నాయి. ఇప్పుడు గాలి తిరిగింది. కొత్తగా పరిశోధనలు చేస్తున్నవాళ్లు ముగింపు లేకపోవడమే ఆయన గొప్పతనం అంటున్నారు. ప్రశ్నను ప్రేక్షకుల మీదికి విసిరి వదిలేశాడట. తిట్టినవాళ్లూ పొగిడినవాళ్లూ ఒకే వాక్యం మీద నిలబడి ఉన్నారు. నాకు చిరాకేసింది. ఆ వాక్యం రాసినాయన జగిత్యాలలోనే ఉన్నారని తెలిసి బయలుదేరాను.

పదకొండుకు జగిత్యాలలో దిగాను. బస్టాండు ఎదురుగా ఇడ్లీ తిని, ఆటో ఎక్కి ‘వకీలు దొర ఇల్లు’ అంటే చాలు, దింపాడు. ఒకప్పుడు ఊళ్లున్న కుటుంబం. ఆయన వకాలతు చేస్తూ పత్రికలకు నాటక సమీక్షలు రాసేవారు. ఎనభై దాటినా గొంతు గట్టిగా ఉంది. నేను సార్ అన్నాను, ఆయన అమ్మా అన్నారు. కోడలి చేత అన్నం పెట్టించి, మాట్లాడుతూనే నాకు పప్పు వడ్డించారు.

“విమర్శకుడంటే మొదటి గంట కాడికెళ్లి ఆఖరి దాక కూసోవాలెనమ్మా. నేను గట్లనే కూసున్న. వాళ్లు సుత మంచి మర్యాద చేసిన్రు. దండేసిన్రు, శాలువ కప్పిన్రు, కారు దాక వచ్చి సాగదోలిన్రు. అయినా మొహమాటపడలే. ఉన్నదున్నట్టు రాసిన.”

“మరి ముగింపు సంగతి?”

“ఏడిది ముగింపు? కొడుకు ఇంట్లకు సాంచ తెస్తడు. ముసలాయనకు నచ్చదు. తలుపు తీస్కొని బయటికి పోతడు. తెర పడ్డది. కొడుకు ఏమైండు, ముసలాయన ఏమైండు, ఏం లేదు. గట్ల ఇడిశిపెడితె ఎట్ల?”

నాంపెల్లిని తర్వాత ఎప్పుడైనా కలిశారా అని అడిగాను. ఒక పెళ్లిలో కలిశాడట. ‘ముగింపు మళ్ల రాస్తున్న సార్’ అన్నాడట. ‘మంచిదే, రాయి’ అన్నారట ఈయన. నిక్కచ్చి మనిషే అనిపించింది. తన మాట మీద ఆయనకు అనుమానం లేదు, ఆయన మాట మీద నాకూ లేదు. అక్కడితో తిరిగి వచ్చేదాన్నే గానీ, అదే నాటకంలో కొడుకు వేషం వేసిన రాజమల్లు కోరుట్లలో ఉన్నాడని తెలిసి ఉండటం వల్ల మూడు గంటల మెట్‌పల్లి బస్సు ఎక్కాను.

పక్కన కూర్చున్నామె మెట్‌పల్లిలో దిగుతుందట. భర్త మస్కట్‌లో ఉన్నాడు. నాటకాల గురించి తిరుగుతున్నానంటే నవ్వింది. “మా ఇంటాయనకు టైం దొరకదు మేడం. నేను చూసిన సీరియల్ ఫోన్ల చెప్త. అంత ఇన్నంక ఆఖరికి ఏమైంది అంటడు. ఆఖరు ఉంటే గద చెప్పుడు.”

కోరుట్లలో దిగేసరికి నాలుగు కావస్తోంది. రాజమల్లు పసుపు వ్యాపారం చేస్తాడు. దుకాణంలో కూర్చుంటే బట్టలకు, చేతిలో ఉన్న టీ గ్లాసుకు కూడా పసుపు వాసన పట్టింది. సిరిసిల్లలో పుట్టి, పెళ్లయ్యాక ఇక్కడికి వచ్చి స్థిరపడ్డాడు. నేను జగిత్యాలలో విన్నది విన్నట్టు చెప్పాను. ముసలాయన తలుపు తీసుకుని పోతాడు, తెర పడుతుంది అనగానే రాజమల్లు చెయ్యి ఎత్తి నన్ను ఆపాడు.

“అది రెండో అంకం గద మేడం.”

“మూడోది ఉందా?”

“ఉండకేంది? మూడో అంకంల ముసలాయన సచ్చిపోతడు. నాటకం అయ్యేటాలకు స్టేజి మీద పీనుగ ఉంటది.”

“మరి వకీలు సారు ఆఖరి దాకా కూర్చున్నానన్నారే. శాలువా కప్పి పంపించారట.”

రాజమల్లు గ్లాసు కింద పెట్టాడు. “మా సిరిసిల్ల తాన చావు సీను ఉన్న నాటకమైతే అది అయినంక శాలువ కప్పరు మేడం. పీనుగను పక్కకు పెట్టుకొని దండలేసుడు మంచిది కాదంటరు. అందుకని రెండో అంకం కాంగనే సన్మానం చేస్తం. ఆ దినం సుత గట్లనే చేసినం. శాలువ కప్పంగనే దొర దండం పెట్టి లేచిండు. దూరం పోవాలె, పనున్నదేమో అనుకున్నం. దొర లేచి పోతుంటే కూసో అని ఎవ్వలంటరు?”

జగిత్యాలలో మాత్రం సన్మానం ఎప్పుడూ నాటకం చివరేనని నాకు తెలుసు. శాలువా పడిందంటే ఇళ్లకు వెళ్లడమే. వకీలు సారు అబద్ధం చెప్పలేదు, నాటకం అయిపోయిందనే అనుకున్నారు. వీళ్లు ఆయన మధ్యలో లేచి వెళ్లారని తెలిసీ మర్యాద కొద్దీ ఊరుకున్నారు. ఇరుపక్కలా మర్యాదే.

“పత్రికలో వచ్చాకైనా చెప్పలేదా?”

“చదువుకున్నాయన, రెండంకాలు చూసే మూడోది ఎట్లుంటదో తెలుసుకున్నడేమో అనుకున్నం.”

“నాంపెల్లి గారికి తెలుసా?”

“ముసలాయన వేషం ఆయనదే. తెర పడంగనే లోపటికి పోయి చావు సీనుకు మేకప్ ఏస్కుంటున్నడు. దొర పోయింది ఆయన చూడలే. మేం చెప్పలే. చెప్తే ఉన్న పెద్దమనిషిని ఆపుకోలేకపోయిన్రా అని మమ్మల్నే తిడుతడని జంకినం.” తల వంచుకుని అన్నాడు, “ఆయన పోయినంక ఇగ ఎవ్వలకు చెప్తం మేడం.”

ఆ పూట బస్టాండు దగ్గరి లాడ్జిలో దిగాను. గది శుభ్రంగానే ఉంది, వేడినీళ్లు అడిగితే ఇస్తారు, దుప్పటి మాత్రం మీది మీరే తెచ్చుకోండి. నాకు నిద్ర సరిగ్గా పట్టలేదు. సిరిసిల్లలో నాంపెల్లి కూతురు పద్మ ఉంది, మరునాడు వస్తానని ముందే ఫోన్ చేసి ఉన్నాను. తండ్రి పేరు కొత్త పుస్తకంలో ఎలా పడుతుందోనని ఆమె ఎదురుచూస్తోంది. ఈ సంగతి చెప్పాలా, వద్దా అన్నదే నా బాధ. చెప్పకపోతే రాజమల్లుకూ నాకూ తేడా ఉండదని చివరికి అనుకున్నాను.

మరునాడు ఏడున్నరకు కథలాపూర్ మీదుగా వేములవాడ బస్సు. వేములవాడలో దేవుడి దర్శనానికి వచ్చిన జనంలోంచి ఈదుకుంటూ వెళ్లి సిరిసిల్ల బస్సు పట్టుకున్నాను. పదింటికల్లా పద్మ ఇంటి ముందున్నాను. కింద సాంచెలు నడుస్తున్నాయి, మాట వినపడదు. నన్ను మేడ మీది గదిలోకి తీసుకెళ్లి తలుపు వేసింది. అరవై దాటిన మనిషి, నాకంటే కొంచెం పెద్ద. నేను అక్కా అని పిలిచినా ఆమె మేడం అనడం మానలేదు.

ఏమీ దాచకుండా చెప్పాను. అయిపోయాక ఆమె కొంగుతో మొహం తుడుచుకుంది.

“మా బాపు సచ్చేదాక గా ముగింపే రాసిండు మేడం. రాసుడు, చింపుడు. ఒకసారి తండ్రికొడుకులు కలుస్తరు. ఒకసారి కొడుకు సాంచ అమ్ముకుంటడు. ఏది రాసినా మనసున పట్టకపోవు. ఇంకో నాటకం ముట్టలే. ముందు రాసిందే మంచిగుండె గద బాపు అంటే, గంత పెద్దాయన కూసోని చూసి లేదన్నడంటే లేనట్టే బిడ్డా అనేటోడు.”

నాటకం బాగా లేదని ఒక మాట అనడం విమర్శకుడి హక్కే. ఈ మాట మాత్రం ఆయన చూడని అంకాన్ని తినేసింది. ఆ అంకంతో పాటు రాయాల్సిన నాటకాలనూ తినేసింది. కోపం ఎవరి మీద తెచ్చుకోవాలో తెలియక ఇంకా కోపం వచ్చింది.

మొదటి ముగింపు మిగిలి ఉందా అని అడిగాను. కాగితం లేదట. “నేనే ప్రాంప్టింగ్ ఇచ్చేది మేడం. నాకు యాదికున్నది” అంది. తెర పక్కన నిలబడి మాటలు అందించే అలవాటు ఆమెకు ఇంకా పోలేదు. ప్రతి మాటకూ మొదటి ముక్క మెల్లగా అని, ఒక్క క్షణం ఆగి, అప్పుడు మిగతాది చెప్పింది. ఆ ఆగిన చోట తండ్రి అందుకునేవాడు కాబోలు. ముసలాయన చనిపోయాడని కొడుక్కు కబురు వస్తుంది. ఇంట్లో ఆయన గుంటలో కాళ్లు పెట్టి నేసే చేతిమగ్గం మీద సగం నేసిన బట్ట అలాగే ఉంది. కొడుకు సాంచ ఆపేసి, ఎన్నో ఏళ్ల తర్వాత ఆ గుంటలోకి దిగి, మిగతా సగం నేస్తాడు. అదే తండ్రి మీద కప్పుతాడు. అంతే, తెర.

మహా నాటకం అని నేను అనను. మధ్యలో ఏడుపు ఎక్కువ, పొరుగావిడ పాత్ర అనవసరం. కానీ ముగింపు ఉంది, ఆ కథకు తగిన ముగింపు ఉంది. పుస్తకంలో ఈ సంగతంతా రాస్తానని పద్మకు చెప్పాను.

“మీరు రాసేది రాయున్రి మేడం. ముందుగాల ఆ వకీలు సారును వచ్చి మూడో అంకం ఇనమనున్రి. ఇన్నంక బాగలేదన్నా సరే.”

భోజనం పెట్టకుండా వదల్లేదు. మూడింటికి సిద్దిపేట మీదుగా వెళ్లే హైదరాబాదు బస్సులో కిటికీ సీటు దొరికింది. ఊరు దాటాక వకీలు సారుకు ఫోన్ చేసి జరిగినదంతా చెప్పాను.

“నన్ను ఎవ్వలు కూసోమనలేదమ్మా” అన్నారు.

“మూడో అంకం వినడానికి రమ్మని ఆమె అడుగుతోంది సార్.”

“ఆలోచిస్త” అని పెట్టేశారు.

సిద్దిపేటలో బస్సు ఆగినప్పుడు టీ తాగి, అధ్యాయంలో నాంపెల్లి మీద రాసి పెట్టుకున్న పేరా మొత్తం కొట్టేశాను. రచయితల పేర్లు పడటం, లేవడం గురించి పేజీలకు పేజీలు రాశాను గానీ, చివరిదాకా కూర్చున్నదెవరు అని ఎక్కడా అడగలేదని అప్పుడు తోచింది. ఇక ప్రతి సమీక్షనూ ఆ ప్రశ్నతోనే మళ్లీ చదవాలి. పని రెండింతలైంది.

బస్సు కదిలాక వకీలు సారే ఫోన్ చేశారు. ఆదివారం మనవడు కారు తీస్తాడట, సిరిసిల్లలో ఇల్లెక్కడో చెప్పమన్నారు. చెప్పాను. పెట్టేస్తారనుకుంటే ఇంకో మాట చెప్పారు.

“నాకు షుగరున్నదమ్మా, ఊకె లేవాల్సొస్తది. ఆమె చెప్పంగ నడుమ లేస్తే పోతున్ననుకోవద్దని ముందే చెప్పు. మల్ల వచ్చి కూసుంట.”