స్కీల కింద నిమ్మకాయలు

మా అమ్మాయి స్ఫూర్తి కాలేజీల జాతీయ స్కీయింగ్ పోటీలకు ఎంపికైతే, మా ఊరి నుంచి కొలరాడో రాష్ట్రానికి వెళ్లాం. ఆకాశాన్ని గీరుతున్న ఆ మంచుకొండను చూశాక నాకు కాలు ఒకచోట నిలవలేదు. అటూ ఇటూ తిరిగి సగం మంచు కరిగించేశాను. స్ఫూర్తి పైకెళ్లే లిఫ్ట్ ఎక్కబోతుంటే, మా ఆవిడ కొత్త కారుకు చేసినట్టే స్కీల కింద నిమ్మకాయలు పెట్టి తొక్కించింది. స్కీలు బాగా జారాలని పొద్దున్నుంచీ మైనం రుద్దిన కోచ్ పెట్టిన కేక పక్క రాష్ట్రం దాకా వినిపించింది.

"మామ్! నా రేస్ స్పాయిల్ చేశావ్!" అంటూ రసం తుడుచుకుని పరుగెత్తింది స్ఫూర్తి.

కిందికైతే వచ్చింది, కానీ టైములో చివరి నుంచి రెండోది.

"చూశావా నీ నిర్వాకం?" అన్నాను మా ఆవిడతో.

"కాళ్లు రెండూ బాగానే ఉన్నాయిగా! దిష్టి తీసింది గెలవడానికనుకున్నారా?" అంది.

నేను గడియారం చూస్తున్నంతసేపూ ఆవిడ పిల్ల కాళ్లే చూసిందని నాకప్పుడు తెలిసింది.