అత్తగారి ముంజేతి ఎముక

ఆఫీసులో ఆమెను అందరూ డేగక్క అంటారు. ఆమెది మెడికల్ కోడింగ్ పని. ఆస్పత్రుల నుంచి వచ్చే రిపోర్టులు చదివి ఏ గాయానికి ఏ కోడ్ వెయ్యాలో తేల్చాలి. కారు ప్రమాదాల్లో దెబ్బలు తగిలినవాళ్ళందరూ ఆమె వాటాకే వస్తారు. కారు దేన్ని గుద్దింది, మనిషి నడుపుతున్నాడా, ఊరికే కూర్చున్నాడా, విరిగింది కుడిచెయ్యా ఎడమచెయ్యా, అన్నిటికీ అక్షరాలూ అంకెలూ ఉంటాయి. వచ్చింది మొదటిసారి వైద్యానికా, మానుతుండగా చూపించుకోడానికా అన్నది చివరి అక్షరం చెబుతుంది. పక్క సీటువాళ్ళు కుడికి బదులు ఎడమ వేశారంటే ఆమె కంట పడాల్సిందే. ఆ పేరు అలా వచ్చింది.

ఇంట్లో అత్తగారి నోటి ముందు మాత్రం ఆ డేగ పిచ్చుకైపోయేది.

"పొద్దస్తమానం విరిగిన కాళ్ళూ చేతుల గురించే చదువుతావు. ముద్దెలా దిగుతుందే నీకు?" అనేది అత్తగారు.

"అలవాటైపోయింది అత్తయ్యా. నాకవి అక్షరాలే."

"నీకు అక్షరాలేనమ్మా. పడ్డవాళ్ళకి కదా తెలిసేది!"

ఒక ఆదివారం ముగ్గురూ ఆడపడుచు ఇంటికి బయల్దేరారు. కారు భర్త నడుపుతున్నాడు, అత్తాకోడళ్ళు వెనక కూర్చున్నారు. దారిలో కోడలి ఒళ్ళో ఉన్న సంచి జారి పళ్ళన్నీ కాళ్ళ దగ్గర దొర్లాయి. కోడలు బెల్టు తీసి వాటికోసం వంగింది. అదే క్షణాన ముందు కారు ఉన్నట్టుండి ఆగిపోయింది. భర్త బ్రేకు తొక్కినా దూరం చాల్లేదు.

ఆమెకు గుర్తున్నది ఒక్కటే. తలుపుకి గడియ పడ్డట్టు ఒక చెయ్యి వచ్చి రొమ్ముకి అడ్డం పడింది. ఆ వెంటనే పెద్ద చప్పుడు. ఆమె బరువంతా ఆ చేతి మీద పడింది, ఆ చెయ్యి వెళ్ళి ముందు సీటు అంచుకి కొట్టుకుంది. బయట ఎవరో అద్దం మీద తడుతున్నారు.

"నీకేం కాలేదు కదా?" అత్తగారి గొంతు.

"లేదత్తయ్యా."

"నువ్వురా?"

"బానే ఉన్నానమ్మా," అన్నాడు కొడుకు.

"సరే అయితే, ఈ చెయ్యొకసారి చూడండి. నాది కానట్టుంది."

ముంజేతిలో ఎముక విరిగింది. ఆస్పత్రిలో ఎముకల డాక్టరు ఎక్స్‌రేని వెలుతురుకి పెట్టి చూపించింది. తెల్లటి ఎముకకి అడ్డంగా నల్లటి గీత. ఇలాంటి విరుగుళ్ళకు కోడ్ వెయ్యడం కోడలికి కళ్ళు మూసుకుని చేసే పని. కానీ ఆ గీతను చూడగానే ఆమెకు ఒక్క అక్షరమూ తట్టలేదు.

"ఆ చెయ్యి అడ్డం రాకపోతే మీ మొహం వెళ్ళి సీటుకి కొట్టుకునేది," అంది డాక్టరు.

ఇంటికొచ్చాక కోడలు అడిగింది. "నేను వంగడం మీరెప్పుడు చూశారత్తయ్యా?"

"చూసిందెవరే? చెయ్యే వెళ్ళిపోయింది. అది నన్నడిగి వెళ్ళిందా?" కట్టు వంక చూసుకుని, "అవునూ, నేను చెయ్యడ్డం పెట్టానని కూడా రాస్తారా మీరు?"

"రాయమత్తయ్యా."

"బతికించారు. రాస్తారంటే ఈసారి పెట్టేముందు ఆలోచించుకోవాలి!"

నవ్వబోయిన కోడలికి ఏడుపొచ్చింది.

సిమెంటు కట్టు వేసిన చేతితో అత్తగారు ఇల్లంతా తిరుగుతూ ఎడంచేత్తో పనులు చెప్పేది. ఆవిడకు తల దువ్వడం, జాకెట్టు హుక్కులు పెట్టడం కోడలి వంతయ్యాయి. కొన్ని వారాల తర్వాత రెండో ఎక్స్‌రే తీశారు. నల్లగీత ఉన్నచోట పలచగా మంచు పట్టినట్టుంది. మరికొన్ని వారాలకు ఆ మంచు గట్టిపడింది. తెగిన దారాన్ని ముడేసినట్టు ఎముక చుట్టూ చిన్న ఉబ్బు కట్టింది.

కోడలు ఆ బొమ్మ దగ్గర్నుంచి కదల్లేదు. 'ఎముక మామూలుగానే మానుతోంది' అన్న అర్థం వచ్చే అక్షరాన్ని ఆమె ఎన్ని వేలసార్లు కొట్టి ఉంటుందో! అన్నిటికన్నా తేలికైన అక్షరం అదే, దాని దగ్గర ఎప్పుడూ ఆగి ఆలోచించలేదు. మామూలుగా మానడమంటే ఇదా! అత్తగారు నిద్రపోతున్నప్పుడు, కోడల్ని కోప్పడుతున్నప్పుడు, టీవీ చూస్తున్నప్పుడు, లోపల చీకట్లో ఎవరూ చెప్పకుండానే ఈ పని సాగిందా!

"మీరే అతికించారు కదా డాక్టర్?" అంది.

డాక్టరు తల అడ్డంగా ఊపింది. "నేను రెండు ముక్కల్నీ తిన్నగా పెట్టానంతే. కదలకుండా కట్టు వేశాను. అతికించింది ఆవిడ ఒళ్ళే. ఇన్నేళ్ళుగా చూస్తున్నాను, నాకిప్పటికీ వింతగానే ఉంటుంది."

మర్నాడు ఆఫీసులో కోడలి ముందు మామూలుగానే రిపోర్టులు వరసకట్టాయి. ముందు సీట్లో యువతి, భుజం, మానుతోంది. వెనక సీట్లో ముసలాయన, పక్కటెముకలు, మానుతున్నాయి. ఆమె వేళ్ళు ఆగాయి. తనకు మొహమైనా తెలియని ఇంతమంది ఒళ్ళల్లో, ఈ క్షణాన, చప్పుడు లేకుండా ఎముకలు ఒకదాన్నొకటి వెతుక్కుంటున్నాయి. ఆమెకు ఒళ్ళు జలదరించింది.

"ఏమైంది డేగక్కా? తప్పు దొరికిందా?" అడిగింది పక్క సీటమ్మాయి.

"లేదు. అంతా సరిగ్గానే ఉంది," అంది, ఇంకా తెర వంకే చూస్తూ.

కట్టు విప్పిన రోజు అత్తగారి చెయ్యి పాలిపోయి, పీలగా, పొట్టు రాలుతూ ఉంది. కోడలు దాన్ని రెండు చేతుల్లోకి తీసుకుంది. అత్తగారు మెల్లగా వేళ్ళు ముడిచింది, విప్పింది, మళ్ళీ ముడిచింది.

"ఏంటే అలా చూస్తావు? ఎప్పుడూ చెయ్యి చూడనట్టు!"

"నిజంగానే చూడలేదత్తయ్యా," అంది కోడలు.